కప్పలెక్కడికి పోయాయి?

ఈ సావనీరుకి ఏదైనా రాసిమ్మని యూనియన్ సాహిత్య కార్యదర్శి అడిగితే "కప్పల మీద రాస్తాను" అన్నాను. "హాస్యమా?" అన్నాడు. కాదన్నాను. "పోనీ, కథా?" అన్నాడు. అదీ కాదన్నాను. ప్రేమ మీదా, విప్లవం మీదా, అమ్మ మీదా కవితలు వచ్చిపడుతున్న చోటికి ఈ కప్ప ఎక్కడినుంచి దూకిందని పాఠకులకి అనిపించడం సహజం. నేను సైన్సు విద్యార్థిని, రైతు కొడుకుని. ఈ రెండూ ఒకచోట కలిసే ప్రాణి నాకు తెలిసినంతలో కప్పే. అందుకని ఈ నాలుగు పేజీలూ దానికి కేటాయించమని కోరాను.

నిజానికి కప్పంటే మనకి మొదటినుంచీ చిన్నచూపే. లోకం తెలియనివాణ్ణి నూతిలో కప్ప అంటాం. ఒకచోట నిలవని జనాన్ని కప్పల తక్కెడ అంటాం. కాని వాన మొహం చాటేసిన ఏడు మాత్రం ఆ కప్పే మనకి తల్లి అయిపోతుంది. రోకలికి కప్పని కట్టి, వేపమండలు చుట్టి, ఇంటింటికీ తిప్పుతూ బిందెలతో నీళ్ళు పోయించే కప్పతల్లి ఆట మన పల్లెల్లో చాలామంది చూసేవుంటారు. ఇంకా వెనక్కి వెళితే, ఋగ్వేదం ఏడవ మండలంలో 103వ సూక్తం పూర్తిగా కప్పల గురించే. వానకి గొంతెత్తిన కప్పల్ని అందులో వేదం వల్లించే విప్రులతో పోల్చారు. అంటే కప్పనీ వాననీ మన పెద్దలు ఏనాడూ విడదీసి చూడలేదన్నమాట. ఇప్పుడు వాన వస్తోంది, కప్ప మాత్రం రావడం లేదు. ఎందుకు రావడం లేదన్నదే ఈ వ్యాసంలో ప్రశ్న.

ఉభయచరం అనే మాట బడిలోనే నేర్చుకున్నాం. నీళ్ళలోనూ నేలమీదా బతికేది అని అర్థం చెప్పుకుని ఊరుకున్నాం. ఆ మాటలో ఎంత ప్రమాదం ఉందో అప్పుడు తోచలేదు. కప్ప గుడ్డుకి పెంకు లేదు, జిగురు పొర ఒక్కటే. గుడ్డులోంచి వచ్చిన తోకకప్ప పిల్ల నీళ్ళలో పాచి తిని పెరుగుతుంది. కాళ్ళు మొలిచి, తోక కరిగి, గట్టెక్కాక పురుగులు తింటుంది. పెద్ద కప్పకి ఒంటిమీద పొలుసు లేదు, వెంట్రుక లేదు, ఈక లేదు. ఉన్నది పల్చని తడి చర్మం. కప్ప మనలాగా నోటితో నీళ్ళు తాగదు, చర్మంతోనే పీల్చుకుంటుంది. ఊపిరిలో కొంత భాగం చర్మంతోనే. రక్తానికి కావలసిన లవణాలూ చర్మంలోంచే లోపలికి వెళతాయి. కాబట్టి నీరు చెడితే దానికి ఒక దెబ్బ, నేల చెడితే ఒక దెబ్బ, గాలిలో తడి తగ్గితే ఇంకో దెబ్బ. మిగతా జంతువులకి ఒక ఇల్లు పోతే కష్టం. కప్పకి రెండిళ్ళూ బాగుంటేనే బతుకు.

మన కాలేజీలో జువాలజీ చదువుకుని వెళ్ళిన పెద్దలకి కప్ప అనగానే మైనపు పళ్ళెం, గుండుసూదులు, క్లోరోఫారం వాసన గుర్తుకొస్తాయి. వాళ్ళు రికార్డులో రానా టైగ్రినా అని రాసిన బోదురుకప్ప పేరు ఇప్పుడు హోప్లోబట్రాకస్ టైగెరినస్ అయింది. డిసెక్షన్లు క్రమంగా మానెయ్యమని 2011లో యు.జి.సి. మార్గదర్శకాలు ఇచ్చింది. మా తరం చేతికి కత్తెరలు రాలేదు, చార్టులొచ్చాయి. అది మంచిదే. అయితే ఒక చిక్కు మిగిలింది. వాళ్ళకి కప్ప లోపలి సంగతైనా తెలుసు, మాకు లోపలా తెలియదు, బయటా తెలియదు. అరుపు విని అది బోదురుకప్పో, గోండ్రుకప్పో, చెట్టుకప్పో చెప్పగలిగినవాళ్ళు మా క్లాసులో ఒక చేతి వేళ్ళ లెక్కలోనే ఉన్నారు. వాళ్ళందరూ పల్లెటూళ్ళనుంచి వచ్చినవాళ్ళే.

మా ఊరు గోదావరి డెల్టాలో, కాలువ చివర. మా తాతయ్య డెబ్భైల్లో ఉన్నాడు. ఆయన కుర్రతనంలో తొలకరి వాన కురిసిన రాత్రి అరుగుమీద పక్కపక్కన పడుకున్నవాళ్ళు కూడా గొంతు పెంచి మాట్లాడుకోవలసి వచ్చేదట. మగ బోదురుకప్పలు ఆ రోజుల్లో పచ్చగా మెరిసిపోతూ, దవడల కింద నీలం బుడగలు పొంగిస్తూ, పసుపు పూసిన పెళ్ళికొడుకుల్లా ఉండేవని మా మామ్మ చెబుతుంది. ఈ మాటల్లో అతిశయోక్తి కొంత తీసేసినా, పెళ్ళికొడుకుల రంగు మాత్రం నిజం. జతకట్టే కాలంలో మగ బోదురుకప్ప ఒళ్ళు పసుపుపచ్చగా మారుతుందని పుస్తకాలూ చెబుతున్నాయి.

తాతయ్య ఇంకో సంగతి కూడా చెప్పాడు. రాత్రి పూట పెట్రోమాక్సు దీపాలు, గోనెసంచులు పట్టుకుని మనుషులు చేలగట్ల వెంట వచ్చేవారట. కళ్ళలోకి వెలుగు కొడితే కప్ప కదలదు. చేత్తో తీసి సంచిలో వేసుకోవడమే. ఎక్కడికి పోయేవో ఆయనకి తెలియదు. నేను పుస్తకాల్లో చూసి చెప్పాను. ఆ కప్పల వెనక కాళ్ళు కోసి, మంచులో గడ్డకట్టించి, ఓడల్లో యూరపుకీ అమెరికాకీ పంపేవారు. అక్కడ అది హోటళ్ళలో ఖరీదైన వంటకం. మన దేశం ఏటా వేల టన్నుల లెక్కన ఎగుమతి చేసింది. డాలర్లు వచ్చేవి. కాని పురుగుల్ని తినే కప్పల్ని అమ్ముకుని, ఆ పురుగుల్ని చంపే మందులకి మళ్ళీ డబ్బు పోస్తున్నామనే వాదన బలపడింది. చివరికి 1987లో ఎగుమతిని ప్రభుత్వం నిషేధించింది. తరవాత ఆ వ్యాపారంలో ఇండోనేషియా ముందుకొచ్చింది.

"అయితే వేట ఆగి ఇన్నేళ్ళయింది గదరా, మరి కప్పలు మళ్ళీ నిండలేదేం?" అని అడిగాడు తాతయ్య. ఆ ప్రశ్నకి నా దగ్గర జవాబు లేదు. అప్పటినుంచే ఈ చదువు మొదలుపెట్టాను.

చదివితే తేలిందేమిటంటే, ఈ ప్రశ్న వేసిన వాళ్ళలో మా తాతయ్య ఒంటరి కాదు. 1989లో ఇంగ్లండులోని కాంటర్‌బరీలో ఉభయచరాలూ సరీసృపాలూ చదివే శాస్త్రజ్ఞుల తొలి ప్రపంచ మహాసభ జరిగింది. అక్కడ అధికారిక ఉపన్యాసాల కంటే విరామాల్లో జరిగిన మాటలే చరిత్రలో నిలిచాయి. మా కొండల్లో కప్పలు కనిపించడం లేదని ఒకరంటే, మా దగ్గరా అంతేనని ఖండాంతరాలనుంచి వచ్చినవాళ్ళు అన్నారు. ఎవరికి వారు తమ ఒక్కరి అనుభవమే అనుకున్నది అందరిదీ అని అక్కడ బయటపడింది.

అప్పటికి కళ్ళముందున్న ఉదాహరణ మధ్య అమెరికాలోని కోస్టారికా దేశానిది. మొంటెవెర్డె అనే కొండమీద, మబ్బులు ఎప్పుడూ తాకుతూ ఉండే అడవిలో, బంగారు గోండ్రుకప్ప అనే జాతి ఉండేది. 1966లో దానికి శాస్త్రీయ నామం పెట్టారు. మగవాటి రంగు మండే నారింజ రంగు. ప్రపంచం మొత్తంమీద ఆ ఒక్క కొండ చుట్టుపక్కలే వాటి నివాసం. 1987లో మార్తా క్రంప్ అనే శాస్త్రవేత్త గుడ్లు పెట్టే గుంటల దగ్గర వెయ్యిన్నర పైగా లెక్కపెట్టింది. ఆ ఏడు గుంటలు తొందరగా ఎండిపోయి గుడ్లు చాలావరకు నాశనమయ్యాయి. 1988లో అదే గుంటల దగ్గర ఒక్కటి కనిపించింది. 1989లో ఒక్కటి. ఆ తరవాత ఈనాటివరకు మరొకటి కనిపించలేదు. 2004లో అంతరించినట్టు ప్రకటించారు.

ఇందులో నన్ను ఆపేసిన విషయం ఒకటుంది. అది రక్షిత వనం. అక్కడ గొడ్డలి లేదు, నాగలి లేదు, పురుగుమందు కొట్టినవాడు లేడు. మనిషి చెయ్యి తగలని చోట కూడా కప్ప చచ్చిపోతే దోషి ఎవరు?

ఆస్ట్రేలియా కథ ఇంకా విచిత్రం. క్వీన్స్‌లాండ్ కొండవాగుల్లో ఉండే ఒక కప్ప తన గుడ్లని తానే మింగి, పొట్టలోనే పిల్లల్ని పెంచి, నోట్లోంచి బయటికి వదిలేది. ఆ కొన్ని వారాలూ దాని జీర్ణాశయంలో ఆమ్లం ఊరడం ఆగిపోయేది. మనుషుల కడుపులో పుండ్లకి మందు దీనినుంచి దొరుకుతుందేమోనని వైద్యులు ఆశపడ్డారు. 1973లో దాని వర్ణన ప్రచురించారు. 1981 తరవాత అడవిలో అది కనిపించలేదు. దాని దగ్గర చుట్టమైన రెండో జాతి 1984లో దొరికింది, 1985 తరవాత అదీ లేదు. అంటే ఆ పొట్ట రహస్యం ఏమిటో పూర్తిగా తేలకముందే ప్రయోగశాల తలుపు మూసుకుపోయిందన్నమాట.

దోషుల్లో ఒకటి 1998–99 నాటికి దొరికింది. అదొక శిలీంధ్రం. పేరు బట్రాకోకైట్రియం డెండ్రోబాటిడిస్. నోరు తిరగదు గనక కైట్రిడ్ అందాం. దీని బీజాలకి చిన్న తోక ఉంటుంది, నీళ్ళలో ఈదుతూ వచ్చి కప్ప చర్మంలోని కెరటిన్‌ని పట్టుకుంటాయి. చర్మం దళసరెక్కి లవణాలు పీల్చుకోవడం మానేస్తుంది. రక్తంలో సోడియం, పొటాషియం పడిపోతాయి. గుండె ఆగిపోతుంది. 2009లో ఈ వరస ప్రయోగపూర్వకంగా తేలింది. ఫిజియాలజీ క్లాసులో కప్ప గుండె గురించీ, అయానుల గురించీ వేరువేరుగా చదువుకున్న మాకు ఆ రెండూ ఇలా ఒక చావులో కలుస్తాయని ఎవరూ చెప్పలేదు.

ఈ శిలీంధ్రం తూర్పు ఆసియాలో, కొరియా ద్వీపకల్పం ప్రాంతంలో పుట్టి, గత శతాబ్దంలో బతికిన కప్పల వ్యాపారంతో ప్రపంచమంతా పాకి ఉండవచ్చునని 2018లో జన్యు పరిశోధన తేల్చింది. పెంపుడుకని, తిండికని, ప్రయోగశాలలకని మనుషులే ఓడల్లో, విమానాల్లో కప్పల్ని తిప్పారు. వాటితోపాటు జబ్బూ తిరిగింది. 2019లో వచ్చిన అంచనా ప్రకారం దీనివల్ల తగ్గిపోయిన జాతులు 501, పూర్తిగా పోయినట్టు భావిస్తున్నవి 90. మన దేశంలో కూడా పశ్చిమ కనుమల కప్పల చర్మంమీద ఇది దొరికింది. అయితే ఆస్ట్రేలియాలోనూ మధ్య అమెరికాలోనూ జరిగినట్టు ఇక్కడ గుంపులు గుంపులుగా చచ్చిన దాఖలా లేదు. ఆసియా కప్పలు దీనితో తరతరాలుగా కలిసి బతకడం అలవాటు చేసుకున్నాయేమోనని ఒక ఊహ.

కాబట్టి మా ఊరి కేసులో ఈ శిలీంధ్రాన్ని మొదటి ముద్దాయిగా నిలబెట్టలేం. మరి ఎవరిని నిలబెట్టాలి? ఇక్కడ నేను రైతు కొడుకుగా కొంచెం ఇబ్బందిపడుతూ మాట్లాడవలసి వస్తుంది.

అమెరికాలో కార్బరిల్ అనే పురుగుమందు మీద ఒక ప్రయోగం చేశారు. మన రైతులకి ఇది సెవిన్ అనే పేరుతో తెలుసు. 1984 డిసెంబరులో విషవాయువు వెలువడి వేలమందిని బలిగొన్న భోపాల్ ఫ్యాక్టరీ తయారుచేసిన మందు ఇదే. తోకకప్ప పిల్లల తొట్టెలో చాలా స్వల్పంగా ఈ మందు కలిపారు. కొన్ని తొట్టెల్లో మాత్రం వాటిని తినే శత్రువుని జాలీలో పెట్టి ఉంచారు. అది పిల్లల్ని ముట్టుకోలేదు, దాని వాసన ఒక్కటే నీళ్ళలో కలిసింది. ఆ భయం తోడయ్యేసరికి అదే మందు రెండింతలనుంచి నాలుగింతలు ప్రాణాంతకమైంది. ఈ ఫలితం 2001లో ప్రచురించారు. డబ్బామీద రాసే మోతాదు మందు ఒక్కదాన్నే చూసి రాస్తారు. మడిలో ఉన్న కప్పకి మందుతోపాటు ఎండ ఉంది, ఆకలి ఉంది, పాము ఉంది, కొంగ ఉంది.

ఇంకొకటి చూడండి. 1995లో అమెరికాలోని మిన్నెసోటా రాష్ట్రంలో బడిపిల్లలు పొలాల మధ్య ఒక చెరువు దగ్గరికి విహారయాత్రకి వెళ్ళారు. అక్కడ పట్టుకున్న కప్పల్లో చాలావాటికి కాళ్ళు సరిగా లేవు. కొన్నిటికి ఎక్కువ, కొన్నిటికి తక్కువ. దేశమంతా గగ్గోలు పుట్టింది. తరవాత పరిశోధించినవాళ్ళు ఇలాంటి వైకల్యాలకి ఒక ముఖ్య కారణం పరాన్నజీవి అని తేల్చారు. దాని డింభకం నత్తలోంచి బయటికొచ్చి, తోకకప్పకి కాలు మొలిచే చోట దూరుతుంది. పరాన్నజీవి అయితే ప్రకృతిదే, మనిషి తప్పేముందంటారా? పొలాల ఎరువు చెరువులో కలిస్తే పాచి పెరుగుతుంది, పాచి తిని నత్తలు పెరుగుతాయి, నత్తలతో ఆ పురుగూ పెరుగుతుందని 2007లో ప్రయోగం చేసి చూపించారు. ఎరువు బస్తాకీ కప్ప కాలికీ మధ్య ఇన్ని మెట్లున్నాయి. ఒక్క మెట్టుని చూసినవాడికి నేరం కనపడదు.

ఇప్పుడు మా మడికి వద్దాం. సార్వాకి ఊడ్పులు అయిన మూడో రోజునుంచి అయిదో రోజులోపు కలుపుమందు ఇసుకలో కలిపి చల్లుతాం. మడిలో పల్చగా నీరు నిలబెట్టి, బయటికి పోకుండా గండ్లు కట్టేస్తాం. మందు పనిచెయ్యాలంటే అలాగే చెయ్యాలి. సరిగ్గా ఆ రోజులే తొలకరి తరవాత కప్పలు పెట్టిన గుడ్లు పిల్లలై అదే పల్చటి నీళ్ళలో తిరిగే రోజులు. కప్పకి కావలసిన నీరూ, మందుకి కావలసిన నీరూ ఒకటే. మనం వాడే కలుపుమందుల్లో ఒకటైన బ్యూటాక్లోర్‌ని తైవాన్‌లో వరి మళ్ళలో ఉండే కప్ప పిల్లలమీద పరీక్షిస్తే, పొలాల్లో ఉండే మోతాదులోనే వాటిలో బతికేవి తగ్గాయని 2011లో తేలింది. ఇక సుడిదోమకొక మందు, ఆకుముడతకొక మందు, కాండం తొలిచే పురుగుకి గుళికలు. ఇవన్నీ చల్లాక మిగిలిన కప్పకి తినడానికి పురుగు ఎక్కడుంటుంది?

మందొక్కటే అనుకుంటే అదీ పొరపాటే. తాతయ్య చూపించిన చోట ఇప్పుడు గుంటలు లేవు. ఊరి చివర వానగుంట పూడ్చి ఇళ్ళస్థలాలు చేశారు. బోదెలకి సిమెంటు గోడలు కట్టారు. అందులో పడ్డ కప్ప పిల్ల ఎక్కి రావడానికి చెమ్మమట్టి గట్టు లేదు. పడమటివైపు చేలు చాలావరకు చేపల చెరువులైపోయాయి. కప్పకి నీళ్ళుంటే చాలదు. చేపలుంటే గుడ్లూ పిల్లలూ మిగలవు. నాలుగు వారాలు నిలిచి తరవాత ఎండిపోయే వానగుంటే దానికి పురిటిల్లు. మనకి పనికిరాని గుంట అనిపించేదే దానికి అసలైన ఆస్తి. వీటికి తోడు తొలివాన రాత్రి కొత్త రోడ్డుమీద లైట్ల కింద పురుగులకోసం చేరిన గోండ్రుకప్పలు తెల్లారేసరికి అట్టల్లా అంటుకుని ఉంటాయి.

అన్నిటిమీదా వాతావరణం. 2023లో ప్రపంచవ్యాప్తంగా 8,011 ఉభయచర జాతులని పరిశీలించి ఒక అంచనా వేశారు. వందకి దాదాపు 41 జాతులు అంతరించే ముప్పులో ఉన్నాయి. క్షీరదాల్లో ఇది సుమారు 27, పక్షుల్లో 13. వెన్నెముక ఉన్న తరగతుల్లో ఇంత ప్రమాదంలో ఉన్నది ఇంకొకటి లేదని ఆ పరిశీలన చెప్పింది. 2004 వరకు పరిస్థితి దిగజారిన జాతుల్లో ఎక్కువభాగానికి జబ్బూ నివాసాల నాశనమూ కారణాలైతే, ఆ తరవాత దిగజారినవాటిలో 39 శాతానికి వాతావరణ మార్పు ముఖ్య కారణమైంది. మొంటెవెర్డె బంగారు కప్ప విషయంలో కూడా వాదన ఇంకా సాగుతూనే ఉంది. భూమి వేడెక్కి మబ్బు పైకి జరిగిందని కొందరు, 1986–87 ఎల్ నినో కరువు అని కొందరు, శిలీంధ్రమేనని కొందరు.

ఇదంతా చదివాక నాకొకటి అర్థమైంది. డిటెక్టివ్ నవలలో లాగా చివరి పేజీలో ఒక్క హంతకుణ్ణి చూపించమంటే ఈ కేసులో కుదరదు. కప్పని చంపింది ఒకటి కాదు. ఎండిన గుంట బలహీనపరిచింది, మందు ఇంకొంచెం, ఆకలి ఇంకొంచెం, జబ్బు మిగతాది. ఒక్కొక్కటీ విడిగా వచ్చుంటే తట్టుకుని ఉండేదేమో. ఇది చెప్పడం తేలిక కాదు. ఎందుకంటే ప్రతి కారణమూ "నా ఒక్కడివల్ల కాదుగా" అని తప్పించుకోగలదు. మా నాన్న కూడా ఆ మాటే అన్నాడు.

కిందటి సెలవల్లో కలుపుమందు సంగతి కదిపాను. నాన్న మెల్లిగానే మొదలుపెట్టాడు. "కలుపు తియ్యడానికి మనుషులేర్రా ఊళ్ళో? ఉన్నోళ్ళకి కూలెంతో తెలుసా నీకు? హాస్టల్ నుంచొచ్చి నువ్వు తీస్తావా?" అన్నాడు. నేను మిన్నెసోటా, తైవాన్ అని ఏదో చెప్పబోయాను. "కప్ప బతికితే బేంకీ వోడు అప్పు వదిలేస్తాడేంట్రా?" అన్నాడు. అమ్మ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. ఆయన అడిగినదానిలో తప్పేమీ లేదు. నా హాస్టల్ బిల్లు, ఈ కప్పల పుస్తకాల ఖరీదు, అన్నీ ఆ మందు చల్లిన పంటలోంచే వచ్చాయి. పట్నంలో కూర్చుని రైతుని విషం చల్లేవాడని తిట్టే వ్యాసాలు నేను చాలా చదివాను. ఆ తిట్టేవాళ్ళలో ఒక్కరూ ఎకరానికి కలుపు ఖర్చెంతో రాయరు. రైతుకి నష్టం రాకుండా కప్ప బతికే దారి చూపించడం మన చదువుల పని. అది చెయ్యకుండా రైతుకి నీతులు చెప్పే హక్కు మనకి లేదని నా అభిప్రాయం.

రాత్రి భోజనాల దగ్గర నాన్నే మళ్ళీ ఎత్తాడు. "ఆకుమడి పక్కనున్న గుంటలో ఇంకా అరుత్తున్నాయిగా?" అన్నాడు. అవునన్నాను. మందు డబ్బాలూ స్ప్రేయరూ మావాళ్ళు కడిగేది ఆ గుంటలోనే. అక్కడ కడగొద్దని చెబుతానన్నాడు. దూరంగా గట్టున గొయ్యి తీసి అక్కడ కడిగితే ఖర్చేమీ లేదు, నాలుగడుగులు ఎక్కువ నడవాలంతే. ప్రపంచ పరిశోధనల ముందు ఇది చాలా చిన్న సంగతి. కాని నా చదువు మా చేలోకి వెళ్ళి చేసిన మొదటి పని అది.

కప్ప పోతే మనిషికేం పోయిందని అడిగేవాళ్ళకి ఒక్క ఉదాహరణ చెబుతాను. కోస్టారికా, పనామా దేశాల్లో కైట్రిడ్‌వల్ల ఎక్కడెక్కడ ఏ ఏడాది కప్పలు నశించాయో, అక్కడ తరవాత మలేరియా ఏమైందో పోల్చి 2022లో ఒక పరిశోధన వచ్చింది. కప్పలు పోయిన చోట్ల కొన్నేళ్ళపాటు మలేరియా కేసులు పెరిగి ఉన్నాయి. దోమ పిల్లల్నీ దోమల్నీ తినే నోళ్ళు తగ్గడమే కారణమై ఉంటుందని వాళ్ళ వివరణ. కప్పకొచ్చిన జబ్బు మనిషికి జ్వరమై తిరిగొచ్చిందన్నమాట.

అయితే మన సంగతిలో అన్నిటికంటే పెద్ద లోటు వేరే ఉంది. మొంటెవెర్డెలో 1987లో ఎవరో గుంట పక్కన కూర్చుని లెక్కపెట్టారు గనకనే 1988లో ఏం పోయిందో తెలిసింది. మా ఊళ్ళో ఎవరు లెక్కపెట్టారు? ప్రపంచ జాబితాలో మన బోదురుకప్ప ఈనాటికీ ముప్పు లేని వర్గంలోనే ఉంది. పైగా అండమాన్ దీవుల్లోకి ఎలాగో చేరి, అక్కడ విపరీతంగా పెరిగి, స్థానిక జీవుల్ని తింటూ సమస్యగా మారింది. అదే కప్ప ఒకచోట బెడద, ఒకచోట కరువు. మరి మా డెల్టాలో నిజంగా ఎంత తగ్గింది? తాతయ్య జ్ఞాపకం తప్ప మన దగ్గర కాగితం ఏదీ లేదు. ఆయన తరం వెళ్ళిపోతే ఆ జ్ఞాపకమూ ఉండదు. ఇప్పుడున్న నిశ్శబ్దమే మామూలని మా తరవాతివాళ్ళు అనుకుంటారు.

కనుక యూనియన్ ముందు ఒక ప్రతిపాదన పెడుతున్నాను. జువాలజీ డిపార్టుమెంటులో ఒక కప్పల రిజిస్టరు తెరుద్దాం. తొలివాన ఏ తేదీన పడింది, ఆ రాత్రి కాలేజీ ఆవరణలో ఎక్కడెక్కడ ఏ అరుపు వినిపించింది, ఎంతసేపు, గుడ్లు ఎప్పుడు కనిపించాయి, గుంట ఎప్పుడు ఎండింది, ఇవి రాసుకుంటే చాలు. కప్పని పట్టుకోనక్కర్లేదు, అరుపుని ఫోనులో రికార్డు చేస్తే సరిపోతుంది. ఒక చోటి జబ్బు ఇంకో చోటికి మోసుకెళ్ళకుండా ముట్టుకోకపోవడమే మంచిది. సెలవలకి ఊరెళ్ళినవాళ్ళు తమ ఊరి లెక్క తెచ్చి ఇందులో రాయాలి. పూర్వ విద్యార్థులకి ఒక మనవి. మీ రోజుల్లో ల్యాబుకి కప్పలు ఎక్కడినుంచి, ఎన్ని వచ్చేవో, హాస్టల్ వెనక వానాకాలం ఎలా ఉండేదో గుర్తున్నంతవరకు ఒక ఉత్తరం రాసి పంపండి. మాకదే మొదటి పేజీ అవుతుంది. ఒక్క ఏడాది లెక్క లెక్కే కాదు. పదేళ్ళది అయితే దానికి ఎవరైనా జవాబు చెప్పవలసి వస్తుంది.

కప్పల లెక్క కప్పల తక్కెడేనని నవ్వేవాళ్ళు నవ్వవచ్చు. వచ్చే జూన్‌లో తొలివాన పడిన రాత్రి ఎనిమిది గంటలకి మైదానం పక్కనున్న పల్లంలో కలుద్దాం. వచ్చేవాళ్ళు జువాలజీ ల్యాబు నోటీసు బోర్డుమీద పేర్లు రాయండి. చెప్పులు కాకుండా బూట్లు వేసుకురండి. టార్చిలైటు, రిజిస్టరు నేను తెస్తాను.